బాయికాడి గ్రంథాలయం

కైసర్స్‌లౌటర్న్,
6 అక్టోబర్ 2024

పుల్లయ్య మామకు,

నువ్వు తిట్టకముందే నేనే ఒప్పుకుంటున్నాను. జర్మనీకి చదువుకు వచ్చి మూడు వారాలైంది, ఉత్తరం ఇప్పుడు రాస్తున్నాను. ఫోన్ చేద్దామంటే నీకు చెవులు వినపడవు. వాట్సాప్‌లో రాద్దామంటే నీ ఫోన్ ఎప్పుడూ లైబ్రరీ పిల్లల చేతుల్లో ఉంటుంది. అడవిలో పేలిన మందుపాతర మామ చెవులు తీసుకుపోయి నాకు చేతిరాత నేర్పింది అని అమ్మ అనేది కదా, నిజమే.

ఇక్కడ అన్నిటికంటే కష్టం ఇల్లు దొరకడం. కరీంనగర్ సీనియర్ శ్రీచరణ్ పుణ్యమా అని ఒక పై గది దొరికింది. ఇంటాయన పేరు జివోయిన్, అందరూ జీకా అంటారు. సెర్బియా మనిషి, డెబ్బై తొమ్మిదేళ్లు. వయసులో ఉన్నప్పుడు కుట్టుమిషన్ల ఫ్యాక్టరీలో పనికని వచ్చి ఇక్కడే ఉండిపోయాడు. ఈ ఊళ్లో ఉంటున్నానని ఆఫీసులో రాయించుకోవాలి, దాన్ని అన్మెల్డుంగ్ అంటారు. దానికి ఓనరు సంతకం కావాలి. ఆ సంతకం పెట్టే ముందు నన్ను కూర్చోబెట్టి మన వంశమంతా అడిగాడు.

ఆదివారం పప్పు, అన్నం వండి ఆయనకూ పెట్టాను. గిన్నెలు టేబుల్ మీద పెడితే ముట్టుకోలేదు. చేత్తో వడ్డిస్తేనే తింటాడట. మా మామ ఇందుకు పూర్తిగా ఉల్టా అని చెప్పాను. అమ్మ గిన్నెలు నీ ముందు పెట్టి లోపలికి వెళ్లిపోయేది, నువ్వే వడ్డించుకునేవాడివి, అదే నీకు ఇష్టం అన్నాను. ఆయన నమ్మలేదు.

ఆయన గోడ మీద ఒక చెక్క గుడి ఫోటో ఉంది. దాని కథ నీకు నచ్చుతుంది, అందుకే రాస్తున్నాను. రెండు వందల ఏళ్ల కింద సెర్బియా తుర్కుల కింద ఉండేది. వాళ్ల మీద మొదట తిరగబడ్డ నాయకుడు కరాజోర్జె. ఓడిపోయి సరిహద్దు నది దాటి వెళ్లిపోయాడు. నాలుగేళ్ల తర్వాత, 1817లో, మళ్లీ పోరాటం మొదలుపెడదామని రహస్యంగా తిరిగొచ్చి తన కూమ్ దగ్గర దాక్కున్నాడు. కూమ్ అంటే పిల్లకు పేరు పెట్టేటప్పుడు, పెళ్లిలో పక్కన నిలబడేవాడు, రక్తసంబంధం కంటే ఎక్కువట. మనకు మేనమామ ఎట్లాగో అట్లా అనుకున్నాను. ఆ కూమ్ పేరు వుయిత్స, అతనూ ఒక దళనాయకుడే. నమ్మి వచ్చిన మనిషి నిద్రలో ఉండగా అతనే చంపించాడు. మరుసటేడు అక్కడికి దగ్గర్లో ఈ ఓక్ చెక్క గుడి కట్టించాడు. జనం దానికి పశ్చాత్తాపం అనే పేరే పెట్టారు. జీకాను నేను తాత అనే పిలుస్తున్నాను, ఆయన పుట్టింది ఆ పక్క ఊళ్లోనే.

మీ మామ ఏమైనా కట్టించాడా అని అడిగాడు. లైబ్రరీ గురించి గొప్పగా చెప్పాను. బాపు చనిపోయిన చోటే, ఊరికి దూరంగా పొలంలో బాయికాడ, బాపు పేరు మీద కట్టించాడు అన్నాను. తాత తిరిగి గోడ మీది ఫోటో వైపు చూశాడు. వాళ్ల గుడి గుర్తొచ్చిందేమో.

బీపీ గోలీలు మర్చిపోకు.

నీ మేనకోడలు,
పూజిత


ఎర్రదుబ్బపల్లి,
27 అక్టోబర్ 2024

చిరంజీవి పూజితకు మీ మామ ఆశీస్సులు.

నీ ఉత్తరం పదమూడు రోజులకు చేరింది. క్షేమంగా ఉన్నావు, అంతే చాలు. చలి బట్టలు కొనుక్కో. జలుబు చేస్తే ఇంగ్లిష్ మందులు ఎడాపెడా మింగకు.

ఇక్కడ వరి కోతలు మొదలైనయి. లైబ్రరీలో పైన ఫ్యాను కాలిపోయింది, పోటీ పరీక్షల పిల్లలు చెట్టు కింద చదువుకుంటున్నారు. ఐలయ్య మేకలు ముందరి మందారాలు మొదలంటా మేసినయి. నేనేమీ అనలేదు.

నువ్వు రాసిన గుడి కథ రెండుసార్లు చదివిన. అందులో సగమే ఉంది. ఆ వుయిత్స ఊరికే చంపిస్తాడా? ఎవరు చెప్తే చేసిండు, ఎందుకు చేసిండు, అది నీ తాత చెప్పలేదా? చెప్పినా నువ్వు రాయలేదా? ముక్క ముక్కగా చెప్పిన చరిత్ర మనిషికి అన్యాయం చేస్తుంది.

ఇంకొకటి. మన ఇంట్లో ఎవరు ఎట్లా వడ్డించుకుంటారన్నది బయటివాళ్లకు చెప్పే ముచ్చట కాదు. మీ అమ్మ చివరి రోజుల్లో ఆస్పత్రిలో నువ్వే పక్కన ఉన్నావు. ఏమైనా చెప్పిందా? చెప్పి ఉంటే నాకు రాయి, దాచకు.

చదువు మీద మనసు పెట్టు.

మీ మామ,
పుల్లయ్య


కైసర్స్‌లౌటర్న్,
17 నవంబర్ 2024

మామా,

నువ్వు కోప్పడితే నాకు మన ఇంట్లోనే ఉన్నట్టుంది. వడ్డింపు సంగతి ఇంకెవరికీ చెప్పను, ఒట్టు.

అమ్మ చివర్లో ఎక్కువగా మాట్లాడలేదు, ఆక్సిజన్ మాస్క్ పెట్టారు కదా. నన్ను చదివించింది నువ్వేనని, నీ పెళ్లి మా కోసం మానుకున్నావని చెప్పింది. అది నాకు ముందే తెలుసు.

నీ ఉత్తరం జీకా తాతకు జర్మన్‌లోకి తిప్పి చదివాను. నా జర్మన్‌కు ఆయన పగలబడి నవ్వాడు గానీ, నువ్వు అడిగింది సరైన ప్రశ్నే అన్నాడు. చంపించమని వుయిత్సకు కబురు పంపింది మిలోష్. అతనిది పెద్ద కథ. పేదింట్లో పుట్టి, కూలికి పశువులు తోలి, తిరుగుబాటులో కమాండర్ అయ్యాడు. కరాజోర్జె నది దాటిపోయినా తను జనంతోనే ఉండిపోయాడు. రెండో తిరుగుబాటు నడిపాడు. కొన్ని నెలలకే తుర్కుల అధికారి పాషాతో కూర్చుని నోటిమాట మీద ఒప్పందం చేసుకున్నాడు. తర్వాత పదిహేనేళ్లు బేరాలాడి, లంచాలిచ్చి, తుపాకీ పేల్చకుండా దేశానికి స్వపరిపాలన తెచ్చాడు. చదవడం, రాయడం రాదట. రాజ్యం ఏలినన్నాళ్లూ ఉత్తరాలు ఇంకొకరు చదివి వినిపించేవాళ్లు. కరాజోర్జె తిరిగొస్తే ఆ ఒప్పందం మట్టిలో కలుస్తుందని భయపడ్డాడు. తల నరికించి పాషాకు పంపాడు, పాషా ఇస్తాంబుల్ పంపాడు.

తాతకు మిలోష్ అంటే గౌరవం, వుయిత్స అంటే జాలి. నాకు ఇద్దరూ నచ్చలేదు. నాకు కరాజోర్జె గురించే బాధ. అన్నం తిని నమ్మకంగా పడుకున్నాడు కదా.

అవును, ఆ ఐలయ్యను ఏమీ అనకుండా ఎట్లా ఊరుకుంటావు? బాపు కొట్టంలో ఉన్నాడని పోలీసులకు చెప్పిన మనిషి మేకలు బాపు పేరున్న లైబ్రరీ పూలు మేస్తే, ఇంకొకరైతే మేకలను బందెలదొడ్డిలో పెట్టించేవాళ్లు. నీకు మరీ ఇంత మంచితనం పనికిరాదు.

ఇక్కడ నాలుగున్నరకే చీకటి పడుతోంది. సైకిల్ మీద కొండెక్కి క్లాసుకు పోతున్నాను.

నీ,
పూజిత


ఎర్రదుబ్బపల్లి,
5 డిసెంబర్ 2024

పూజితకు,

ఈ ఉత్తరం నీ జీకా తాతకు చదివి వినిపించు. ఒక్క మాట కూడా మింగకు.

అయ్యా, మీ మిలోష్‌ను తప్పు పట్టడం తేలిక. నది అవతల కూర్చున్నవాడికి త్యాగం సులువు. ఇవతల ఉన్నవాడు ప్రతి నెలా ఎవరో ఒక తల్లి దగ్గరికి పోయి ఆమె కొడుకు శవం ఎక్కడుందో చెప్పాలి. తిరిగొచ్చినవాడు ఏం తెచ్చిండు? మళ్లీ అదే తుపాకీ, మళ్లీ అదే పాట. ఊళ్లో మిగిలిన పదకొండు మంది పిల్లలను తోలుకుపోతానంటే చూస్తూ ఊరుకోవాలా? మిలోష్ ఒక మనిషిని ఇచ్చి దేశాన్ని నిలబెట్టిండు. పొలం దున్నేవాడికి పొలం దక్కింది. దీన్ని రాజనీతి అంటారు. గుడి కట్టినోడు మెత్తనివాడు, అందుకే కట్టిండు. మిలోష్ మెత్తబడితే దేశం ఉండేది కాదు.

నేను పదేళ్లు అడవిలో, పదేళ్లు మండలాఫీసులో గడిపిన. రెండూ తెలిసినవాడి మాట ఇది.

పూజితా, ఐలయ్య ముచ్చట ఇక రాయకు. మేకలకు పేర్లు చదవరావు.

నా ఒంట్లో బాగానే ఉంది. 

పుల్లయ్య


కైసర్స్‌లౌటర్న్,
26 డిసెంబర్ 2024

మామా,

నీ ఉత్తరం చదివి వినిపిస్తే తాత లేచి నిలబడ్డాడు. "మీ మామ నా కొడుకుల కంటే బాగా కొట్లాడతాడు" అన్నాడు. నాకు ఎంత గర్వంగా ఉందో. మిలోష్ గురించి మన మండలంలో ఇట్లా వాదించేవాడు నువ్వొక్కడివే ఉంటావు. కానీ పదకొండు మంది పిల్లల లెక్క ఎక్కడిదని తాత అడిగాడు. సెర్బియా పుస్తకాల్లో ఆ లెక్క లేదట. మా మామ ఉపన్యాసం మొదలుపెడితే లెక్కలు వాటంతట అవే వస్తాయన్నాను.

తాత జవాబు ఇదీ. రాజనీతి తప్పని తను అనడం లేదట. కానీ ఆ రోజు మిలోష్ గొడ్డలి పట్టలేదు, వుయిత్స కూడా పట్టలేదు. పట్టింది నొవాకొవిచ్ అనే మూడో మనిషి. చేయించిన ఇద్దరి చేతులూ శుభ్రంగానే ఉన్నాయి. "వుయిత్స ఒక్కడే ఇది నాది అన్నాడు, కనీసం చెక్కలతోనైనా అన్నాడు. ఆ గుడి చూసి నేను పెరిగాను. మెత్తనివాడు అంత మాట అనలేడు" అన్నాడు.

నువ్వు వద్దన్నా ఐలయ్య సంగతి తాతకు చెప్పాల్సొచ్చింది, నీ ఉత్తరంలో పేరుంది కదా, ఎవరని అడిగాడు. మా బాపు 2001లో, నాకు ఏడు నెలలప్పుడు, అడవి నుంచి అమ్మను చూడటానికి వచ్చి మామ బాయికాడి కొట్టంలో పడుకున్నాడని, కల్లు కోసం తాళ్లు గీసే ఐలయ్య చెట్టు మీది నుంచి చూసి పోలీసులకు చెబితే వాళ్లొచ్చి బాపును కాల్చేశారని, తర్వాత దళంవాళ్లు వచ్చి అతని కుడిచెయ్యి విరగ్గొట్టారని చెప్పాను. చిన్నప్పుడు మేం పిల్లలమంతా బడి నుంచి వస్తూ అతని ఇంటి మీద రాళ్లు వేసేవాళ్లం, అందరికంటే గట్టిగా వేసింది నేనే అని కూడా చెప్పాను. తాత మెల్లగా అడిగాడు, "ఆ ఐలయ్య ఏమైనా కట్టించాడా?" లేదు, మేకలు కాచుకుంటాడు అన్నాను. "అయితే చేసింది అతను కాదు" అన్నాడు.

చూశావా, ముసలివాళ్లు వాదనలో ఓడిపోతే ఎక్కడిదాకా పోతారో. నేను నవ్వేశాను. ఆయన నవ్వలేదు.

క్రిస్మస్‌కు ఊరంతా మూసేశారు. తాత, నేను పులిహోర తిన్నాం.

నీ ఉత్తరం కోసం మేమిద్దరం చూస్తుంటాం.

పూజిత


ఎర్రదుబ్బపల్లి,
14 జనవరి 2025

పూజితా,

మొదటి ఉత్తరంలోనే నీకు తెలిసిపోయిందనుకున్న. మేనమామ లెక్క అని రాసినవు, చెక్క గుడి అని రాసినవు, మీ అమ్మ వడ్డించకపోవడం రాసినవు. ఆమె పోయే ముందు నీకు చెప్పిందని, నువ్వు ఆ సెర్బియా కథ అడ్డం పెట్టుకుని నన్ను అడుగుతున్నావని అనుకున్న. అందుకే మిలోష్ పేరు మీద నా వకాలత్ నేనే చేసుకున్న. నువ్వు ఇప్పుడు పంపిన ఉత్తరం నాలుగుసార్లు చదివినంక తెలిసింది. నీకేమీ తెలియదు. నువ్వు నవ్వుకుంటూ రాసినవు. ఇప్పుడు కాయితం చింపి ఊరుకోవచ్చు. కానీ ఊరు కాని ఊళ్లో కూర్చున్న ముసలాయన, నా ముఖం చూడనివాడు, కనిపెట్టిండు. ఇక దాచి ఏం చేస్తా.

చెప్పింది నేనే.

మీ బాపు రవి నాకు బావమరిది కాకముందే దోస్తు. ఇద్దరం ఒకే రోజు అడవిలోకి పోయినం. చెవులు పోయినంక నేను లొంగిపోయి వచ్చిన, ఆయన రాలేదు. ఆ జూన్ చివర్లో ఒకరోజు పొద్దున్నే వచ్చిండు. నిన్ను ఎత్తుకున్నడు. పదకొండు మంది పిల్లల పేర్లు కాయితం మీద రాసుకొచ్చిండు, దళం మళ్లీ లేపుతానని దాని కిందనే రాసి చూపిండు. వద్దని కాళ్లు పట్టుకున్న. వినలేదు. మీ అమ్మ వండింది, నేను బాయికాడికి పట్టుకుపోయి నా చేత్తో వడ్డించిన. తిని ఎండకు కొట్టంలో పడుకున్నడు. నేను సైకిల్ మీద పోయి సీఐకి చెప్పిన. పట్టుకోండి, చంపొద్దు అన్న. ఆయన సరేనని తలూపిండు. నేను ఇంకా వాపస్ రాకముందే అంతా అయిపోయింది.

పిల్లల కోసం చేసిన అని ఇన్నేళ్లు నాకు నేను చెప్పుకున్న. అది అబద్ధం కాదు. కానీ ఇంకొకటి కూడా ఉంది. పది రోజుల్లో మండల ఎన్నికలు, నా పేరు ఖరారైంది. రవి నా పొలంలో దొరికితే నా బతుకు పోయేది. ఏది ముందు అనుకున్ననో నాకే తెలియదు. తెలియదని రాయడానికి సిగ్గుగా ఉంది.

ఐలయ్య ఆ రోజు చెట్టు మీద ఉన్నడు, అంతే. చూసి ఉంటే నన్ను చూసి ఉంటాడు, సైకిల్ మీద పోతుంటే. ఎన్నడూ నోరు తెరవలేదు. తెరిచినా నమ్మేవాళ్లు లేరు, నేను మండలాధ్యక్షుణ్ని. అతన్ని కొట్టేటప్పుడు నేను ఊళ్లోనే ఉన్న. ఇంట్లో తలుపేసుకుని కూర్చున్న. చెవులు వినపడకపోవడం ఆ ఒక్కరోజు నాకు పనికొచ్చింది.

మీ అమ్మ నన్ను ఏమీ అడగలేదు. ఆ దినాలు అయినంక నాకు ఒక్కసారి కూడా తన చేత్తో వడ్డించలేదు. ఇరవై ఏళ్లు గిన్నెలు ముందర పెట్టి పోయింది. తెలుసో, తెలియదో అడిగే ధైర్యం నాకు రాలేదు. నాకు అదే ఇష్టమని నీకు చెప్పింది కూడా ఆమెనే కావచ్చు.

ఇంతకంటే రాయలేను. నన్ను ఏమని పిలుస్తావో అది నీ ఇష్టం.

పుల్లయ్య


కైసర్స్‌లౌటర్న్,
9 మార్చి 2025

పుల్లయ్య గారికి,

మీ ఉత్తరం వచ్చి నెల దాటింది. జవాబు రాయడం ఇది ఆరోసారి, మొదటి అయిదూ చింపేశాను. ఒకదాంట్లో మిమ్మల్ని తిట్టాను. ఒకదాంట్లో నా చదువుకు మీరు కట్టిన ఫీజులు గుర్తొచ్చి ఏడ్చాను. మిమ్మల్ని మీరు అని రాస్తుంటే చెయ్యి సాగడం లేదు. నువ్వు అని రాయడం అసలే రావడం లేదు.

నన్ను క్షమించమని మీరు అడగలేదు. మంచిదే. అడిగితే ఏం చెప్పాలో నాకు తెలియదు. ఇప్పుడైతే క్షమించలేను. నన్ను పెంచిన మనిషీ, నాకు బాపు లేకుండా చేసిన మనిషీ ఒక్కరే అన్నది నాకు ఇంకా లోపలికి పోవడం లేదు. మార్కెట్‌కు పోయి ఉల్లిగడ్డలు కొంటూ మధ్యలో ఆగిపోతున్నాను.

జీకా తాతకు చెప్పలేదు. మీ మామ నుంచి జవాబు రాలేదా అని పోస్టు వచ్చినప్పుడల్లా అడుగుతున్నాడు. తన మాటకు మీరు నొచ్చుకున్నారేమోనని బాధపడుతున్నాడు. ఆ గుడి ఫోటో ఇంకొక కాపీ తీయించి మీకు పంపమని ఇచ్చాడు. నేను పంపడం లేదు. మీకు మీ గ్రంథాలయం ఉంది. అది ఊరికి అంత దూరంలో ఎందుకు కట్టారని చిన్నప్పుడు అందరం నవ్వేవాళ్లం.

కానీ కట్టడం సరిపోలేదు. వుయిత్స గుడి చూసి జనం పేరు పెట్టారు, అందరికీ తెలుసు. మీరు కట్టిన దాని మీద మా బాపు పేరుంది, మీ పేరు లేదు. మీరు చేసినదాన్ని మోస్తున్నది ఐలయ్య తాత విరిగిన చెయ్యి.

ఒక పని చేయండి. దీంతో పాటు ఇంకొక ఉత్తరం పెట్టాను. అది ఆయనకు. ఆయనకు చదవడం రాదు, చదివి పెట్టడానికి ఆ ఇంటికి వెళ్లేవాళ్లూ లేరు. మీరే వెళ్లి చదవండి. నేను ఏం రాశానో మీరు ముందే చూసుకోవచ్చు. మార్చకండి.

అది చదివానని మీరు రాసిన రోజు నేను మీకు మళ్లీ రాస్తాను. ఏమని మొదలుపెడతానో అప్పుడు చూస్తాను.

బీపీ గోలీలు వేసుకోండి.

పూజిత


(అదే కవరులో, వేరే కాయితం మీద)

ఐలయ్య తాతకు,

నేను రవి బిడ్డను, పూజితను. ఇప్పుడు జర్మనీలో చదువుకుంటున్నాను. మీతో నేను ఎన్నడూ మాట్లాడలేదు. నా చిన్నప్పుడు మీ ఇంటి మీద రాళ్లు వేసిన పిల్లల్లో నేను ముందుండేదాన్ని. ఒకసారి నా రాయి తగిలి మీ గుమ్మం దగ్గరి కడవ పగిలింది. మీరు బయటికొచ్చి నన్ను చూసి, ఏమీ అనకుండా ఎడమచేత్తో పెంకులు ఏరుకున్నారు. ఏమీ అనలేదు కాబట్టి తప్పు మీదేనని నేను ఇంకా గట్టిగా నమ్మాను.

మీరు ఆ తప్పు చేయలేదు. నాకు ఇప్పుడు తెలిసింది. మీ చెయ్యి, మీ తాళ్లు, మీతో మాట్లాడటం మానేసిన ఊరు, ఇవేవీ నేను తిరిగి తేలేను. ఎండాకాలం సెలవుల్లో వచ్చి మీ ముందు నిలబడతాను. మీరు కూర్చోమంటే కూర్చుంటాను, పొమ్మంటే పోతాను.

ఇది మీకు చదివి వినిపిస్తున్న మనిషికి చెవులు వినపడవు. అందుకని మీరు మధ్యలో ఆపమన్నా ఆపడు, చెయ్యి పట్టుకుని ఆపాలి. ఆపకండి. నేను రాసింది ఇక్కడికి అయిపోయింది. ఆ రోజు సైకిల్ మీద ఎవరు పోయారో, ఎక్కడికి పోయారో, మిగతాది ఆయన కాయితం మడిచిపెట్టి, మీ ముఖం చూసి, తన నోటితో చెప్తాడు.